ఎలుకల మందే మా నాన్నగారికా?

ప్రశ్న: నాన్నగారికి గుండెలో కృత్రిమ వాల్వ్ పెట్టి 'వార్ఫరిన్' రాశారు. అది ఎలుకల మందట, నిజమేనా? ఆ పేరుకు అర్థమేమిటి?

జవాబు: నిజమేనమ్మా, కానీ టెన్షన్ పడకండి. 'వార్ఫ్' అంటే విస్కాన్సిన్ అలమ్నై రీసెర్చ్ ఫౌండేషన్. ఆ పరిశోధనకు డబ్బిచ్చిన సంస్థ పేరులోని పొడి అక్షరాలవి. 'అరిన్' కూమరిన్ అనే రసాయనం పేరులోని తోక. అమెరికాలో బూజుపట్టిన క్లోవర్ గడ్డి మేసిన పశువులు నెత్తురు ఆగక చనిపోతుంటే, కారణం వెతకబోయి ఇక్కడిదాకా వచ్చారు. 1948లో ఎలుకల మందుగా, 1954లో మనుషుల మందుగా అమ్మకానికొచ్చింది. నెత్తురు గడ్డకట్టనివ్వకపోవడమే దీని పని, తేడా మోతాదులోనే ఉంది.

మందుల కౌంటర్‌లో నేను ఈ మాత్రలిచ్చే ముందు ఐఎన్‌ఆర్ (నెత్తురు గడ్డకట్టడానికి ఎంతసేపు పడుతుందో చూసే రక్తపరీక్ష) రిపోర్ట్ అడిగి చూస్తాను. ఆ పరీక్ష తప్పనివ్వకండి. ఆకుకూరలు మానేయక్కర్లేదు, ఒక్కసారిగా పెంచకుండా, తగ్గించకుండా పెట్టండి. ఒళ్లునొప్పులకని సొంతంగా ఆస్పిరిన్ మాత్రం వేయొద్దు. పళ్లు తోముతుంటే నెత్తురొచ్చినా వెంటనే డాక్టరుగారికి చెప్పండి.