లావు మనిషికి లావు వేషాలేనా?

ప్రశ్న: మాది గాజువాక. పదహారేళ్లుగా నాటకాలు వేస్తున్నాను. మనిషిని కాస్త భారీ, అందుకని కళాభారతిలో వేసినా, పరిషత్తు పోటీలకి వెళ్లినా నాకు దక్కేది నవ్వించే హెడ్డు కానిస్టేబులో, విలన్ వెనకాల చేతులు కట్టుకుని నిలబడేవాడో. మొన్న మావాడు తెలుగులో హ్యారీ పాటర్ చూస్తూ, ఆ గెడ్డం హ్యాగ్రిడ్‌ని చూపించి "నాన్నా, అచ్చం నువ్వే" అన్నాడు. ఆ నటుడు కూడా సైజు మీదే బతికేశాడా, వేరే ఏమైనా వేశాడా?
– ఒక పాఠకుడు, విశాఖపట్నం

జవాబు: ముందు మీవాడికి చెప్పండి, ఆ సైజు ఆయనది కాదని. రాబీ కోల్‌ట్రేన్ ఎత్తు ఆరడుగుల ఒక అంగుళం, అంతే. దూరం షాట్లలో చాలాచోట్ల హ్యాగ్రిడ్ వేషంలో నడిచింది మార్టిన్ బేఫీల్డ్ అని ఇంగ్లండ్ తరఫున రగ్బీ ఆడిన ఆరడుగుల పది అంగుళాల మనిషి. గుడిసె సెట్టు కూడా రెండు కొలతల్లో వేశారు, చిన్నదాంట్లో కోల్‌ట్రేన్ కూర్చుంటే కొండలా కనబడతాడు, పెద్దదాంట్లో పిల్లలు నిలబడితే బుడతల్లా ఉంటారు. ఇక మొహం చూస్తే సగం విగ్గు, సగం గెడ్డం. మీరు చూసింది డబ్బింగు కాబట్టి గొంతూ ఆయనది కాదు. మిగిలినవి కళ్లు. మొదటి సినిమాలో గుడ్డు పగిలి డ్రాగన్ పిల్ల బయటికొచ్చి గెడ్డానికి నిప్పంటిస్తే, బాలింతలా మురిసిపోతాడు చూడండి, అది ఏ సెట్టువాళ్లూ చేసిపెట్టలేరు.

అసలు పేరు ఆంథోనీ రాబర్ట్ మెక్‌మిలన్, 1950లో స్కాట్లాండ్‌లో గ్లాస్గో పక్కన రదర్‌గ్లెన్‌లో పుట్టాడు, తండ్రి డాక్టరు. గ్లాస్గోలో బొమ్మలేయడం చదివి నటనలోకి వచ్చాడు. కోల్‌ట్రేన్ అనేది జాజ్ శాక్సఫోన్ వాయించిన జాన్ కోల్‌ట్రేన్ మీద ఇష్టంతో పెట్టుకున్న పేరు. మొదట్లో ఆయనకీ ఎక్కువగా కామెడీలే, మీలాగే.

మీరు తెలుసుకోవలసింది 'క్రాకర్' గురించి. 1993లో బ్రిటిష్ టీవీలో మొదలైన సీరియల్. మాంచెస్టర్ పోలీసులకి సాయం చేసే ఫిట్జ్ అనే సైకాలజిస్టు, తాగుడు, జూదం, చేతిలో ఎప్పుడూ సిగరెట్టు, ఇంట్లో భార్యతో గొడవ. రచయిత జిమ్మీ మెక్‌గవర్న్ ఊహించుకున్నది బక్కపలచటి మనిషిని, కోల్‌ట్రేన్ అంటే ముందు ఒప్పుకోలేదు కూడా. తీరా చూస్తే ఆ ఒళ్లే పాత్రకి బలమైంది. ఇంటరాగేషన్ గదిలో బల్లకి అవతల అనుమానితుడు, ఇవతల ఈయన. అరవడు, కొట్టడు, కుర్చీలో వెనక్కి వాలి ఏదో స్నేహితుడితో చెప్పుకున్నట్టు తన తప్పులే చెప్పుకుంటూ వచ్చి, ఉన్నట్టుండి ముందుకి వంగుతాడు. అప్పుడు ఆ గదిలో గాలి ఆడదు. 1994, 95, 96, వరసగా మూడేళ్లు ఉత్తమ నటుడిగా బాఫ్టా, అంటే బ్రిటన్‌లో సినిమా, టీవీలకి ఇచ్చే పెద్ద అవార్డు, ఇచ్చారు. హ్యాగ్రిడ్ వేషం 2001లో వచ్చింది, ఇదంతా అయ్యాక. మన దగ్గర ఘటోత్కచుడి గద పట్టిన ఎస్వీ రంగారావుగారిని లావు మనిషి అని ఎవరన్నా అనుకున్నారా?

బాండ్ సినిమాలు రెండింట్లో కుంటుతూ నడిచే రష్యన్ ముఠా నాయకుడు జుకోవ్‌స్కీ కూడా ఆయనే. రెండోదాంట్లో చావబోతూ చేతికర్రలో దాచిన తుపాకీతో గురిచూసి బాండ్ కట్లు తెంచుతాడు, పాత్ర చిన్నదే గానీ హాలు దాటాక కూడా గుర్తుంటుంది. చివర్లో కీళ్లనొప్పులతో బాగా ఇబ్బందిపడి 2022 అక్టోబరులో, 72 ఏళ్లకి పోయాడు.

కాబట్టి ఈసారి కొత్త నాటకం చదివేటప్పుడు రచయిత 'సన్నగా, పీలగా' అని రాసుకున్న పాత్ర ఏదో చూసి, డైరెక్టర్‌గారిని అది అడగండి. నవ్వితే నవ్వనివ్వండి, ఒక్క సీను చదివి చూపిస్తాననండి. అన్నట్టు, మీవాడికి క్రాకర్ మాత్రం ఇప్పుడే పెట్టకండి, అది పిల్లల సీరియల్ కాదు.