మూలమట్టం చేతిలో ఉండగా బట్టీ ఎందుకు?

ప్రశ్న: మా అమ్మాయి పదో తరగతి. లంబకోణ త్రిభుజాల్లో 1:1:√2 ఒకటి, 1:√3:2 ఇంకొకటి అని బట్టీ పట్టింది గానీ, లెక్క దగ్గరికొచ్చేసరికి ఏది ఏ భుజమో తారుమారు చేస్తోంది. త్రికోణమితి అంటేనే టెన్షన్. గుర్తుండే దారి చెప్తారా?
– ఒక తల్లి, ఖమ్మం

జవాబు: దారి జామెట్రీ బాక్సులోనే ఉందండీ. అందులోని రెండు మూలమట్టాలూ ఈ రెండు త్రిభుజాలే.

చతురస్రాన్ని ఐమూలగా కోస్తే మొదటిది. రెండు భుజాల వర్గాలు కలిపితే కర్ణం వర్గం కదా, భుజం 1 అయితే 1+1=2, కర్ణం √2. ఇందులో పిల్లలు పెద్దగా తడబడరు, కర్ణం ఇచ్చి భుజం అడిగితే తప్ప. అప్పుడు √2తో గుణించడం కాదు, భాగించాలి: కర్ణం 10 అయితే భుజం 5√2, సుమారు 7.07.

అసలు తిప్పలన్నీ రెండో దాంతోనే. భుజం 2 ఉన్న సమబాహు త్రిభుజం గీయించి, పై శీర్షం నుంచి భూమికి లంబం గీయమనండి. భూమి సగమై 1 అవుతుంది, పై కోణం సగమై 30 డిగ్రీలవుతుంది, పక్క భుజం మాత్రం 2గానే ఉండి కర్ణమవుతుంది. ఇక ఎత్తు, 4లోంచి 1 పోతే 3, అంటే √3. మొదటి దాంట్లో కర్ణానికే వర్గమూలం గుర్తుంది కదా అని ఇక్కడా √3ని తీసుకెళ్లి కర్ణం మీద పెట్టేస్తారు, మీ అమ్మాయి చేసేదీ బహుశా ఇదే. √3 అంటే 1.732, రెండు కంటే చిన్నది, మరి చిన్నది కర్ణం ఎలా అవుతుందని అడిగి చూడండి.

నిచ్చెన లెక్కలన్నీ ఈ బొమ్మే. 10 అడుగుల నిచ్చెన నేలతో 60 డిగ్రీలు చేస్తే గోడకు 5 అడుగుల దూరంలో ఉంటుంది, 8.66 అడుగుల ఎత్తు అందుతుంది. సైన్ 30 అంటే 1/2, టాన్ 60 అంటే √3, త్రికోణమితి విలువల పట్టికలో 0, 90 పక్కన పెడితే మిగతావన్నీ ఈ రెండు బొమ్మల్లోంచి చదువుకోవచ్చు.

అన్నట్టు, మేస్త్రీలు ముగ్గు పోసేటప్పుడు ఒక దారం మీద 3 అడుగులు, ఇంకోదాని మీద 4 గుర్తుపెట్టి, ఐమూల 5 వచ్చిందా అని టేపు పట్టి చూస్తారు, వస్తే మూల సరిగ్గా 90. ఈ 3-4-5లో మిగతా కోణాలు 30, 60 అనుకునే పిల్లలు చాలామందే ఉన్నారు. కావు, అవి సుమారు 36.87, 53.13 డిగ్రీలు.