ఆ సినిమా మీద రివ్యూ రాసే ముందు

చి. అమ్మడికి, పెద్దమ్మ ఆశీస్సులు.

అత్యాచారానికి గురైన జెన్నిఫర్ అనే ఆమె ఆ మగాళ్ల మీద పగ తీర్చుకునే సినిమా 'ఐ స్పిట్ ఆన్ యువర్ గ్రేవ్' మీద రాయమన్నారని, చూశాక ఒక్క వాక్యం కూడా కదలడం లేదని రాశావు. రాయనని చెప్పేయనా అని కూడా అడిగావు. చెప్పేయొచ్చు. ఇలాంటి సినిమా చూడలేకపోవడం విమర్శకురాలికి లోపమేమీ కాదు. రాయాలనే ఉంటే మాత్రం ఇది చదువు.

ముందు పోస్టర్‌ని, పేరుని మనసులోంచి తీసెయ్. 1978లో దర్శకుడు మెయిర్ జార్చి ఈ సినిమాకు పెట్టుకున్న పేరు 'డే ఆఫ్ ది ఉమన్'. కొనేవాళ్లు దొరక్క తనే విడుదల చేసుకున్నాడు, ఎవరూ పట్టించుకోలేదు. 1980లో జెర్రీ గ్రాస్ అనే డిస్ట్రిబ్యూటర్ పేరు మార్చి మళ్లీ వదిలాక గొడవ మొదలైంది. ఆ పోస్టర్ మీద ఈమె ఐదుగురు మగాళ్లను నరికింది, తగలబెట్టింది అని ఉంటుంది. సినిమాలో ఉన్నది నలుగురే, తగలబెట్టడమన్నది లేనే లేదు! పోస్టర్ రాసినవాడు సినిమా చూశాడో లేదో మరి. చవకబారు సినిమాల వ్యాపారంలో ఇది మామూలే. అమ్మేవాడి మాటల పాపాన్ని తీసినవాడి నెత్తిన రుద్దకు. అలాగని తీసినవాడి తప్పులన్నీ అమ్మినవాడి మీదకు తోసెయ్యకు.

ఇక అమెరికన్ సినీ విమర్శకుడు రోజర్ ఈబర్ట్ రివ్యూ. దాన్ని ఎలాగూ చదువుతావు, అది చదివాక నీ సొంత మాట రావడం కష్టం. ఆయన ఒక్క స్టార్ కూడా ఇవ్వలేదు. అందులో సగం కోపం తెర మీది దానికి కాదు, షికాగోలో ఆ హాల్లో తన చుట్టూ కూర్చుని అత్యాచారం సీన్లకు కేకలేసి ఉత్సాహపడిన ప్రేక్షకులకు. ఆయన దాన్ని దాచకుండా రాశాడు, అందుకే ఆ రివ్యూకి విలువ. కానీ నువ్వు చూసింది ఒంటరిగా, లాప్‌టాప్‌లో. ఆ కేకలు నీకు వినబడలేదు. ఆయన కోపాన్ని అరువు తెచ్చుకుంటే నీ రివ్యూ అబద్ధమవుతుంది. ఇంకో సంగతి. 1972లో వచ్చిన వెస్ క్రేవెన్ సినిమా 'ది లాస్ట్ హౌస్ ఆన్ ది లెఫ్ట్' కూడా అత్యాచారం, ప్రతీకారం కథే. దానికి ఇదే ఈబర్ట్ మూడున్నర స్టార్లు ఇచ్చాడు. కాబట్టి కథాంశం చూసి తీర్పు చెప్పాడనుకోకు.

అవతలి పక్షం వాదన కూడా తెలిసి ఉండాలి. 1992లో క్యారల్ క్లోవర్ అనే ప్రొఫెసర్ హారర్ సినిమాల మీద పుస్తకం రాస్తూ, ఇలాంటి సినిమాల్లో మగ ప్రేక్షకుడు కూడా బాధితురాలి వైపే నిలబడతాడని వాదించింది. ఒకప్పుడు బ్రిటన్‌లో ఈ సినిమాకు వ్యతిరేకంగా నిరసనలు చేసిన స్త్రీవాద రచయిత్రి జూలీ బిండెల్ 2011లో తన అభిప్రాయం మార్చుకున్నానని రాసింది. ఇవి చదివి కంగారుపడకు, పాత తిట్లు తప్పు కాబట్టి పొగిడెయ్యాలన్న రూలేమీ లేదు. తిట్టిన సినిమాను ఇరవై ఏళ్ల తర్వాత నెత్తికెత్తుకోవడం కూడా ఒక ఫ్యాషనే.

నన్నడిగితే, మొదటి సగాన్ని సమర్థించవచ్చు. దాదాపు అరగంట సాగే ఆ హింసలో నేపథ్య సంగీతం లేదు. ఇప్పుడు భయపడు, ఇప్పుడు ఉలిక్కిపడు అని చెప్పే వయొలిన్లు లేవు. జెన్నిఫర్ గాయాలు, బురద, ఏడుపు అలాగే కనబడతాయి. అందంగా చూపించే ప్రయత్నం లేదు. నాకు మింగుడుపడనిది రెండో సగమే. అంత నరకం పడిన మనిషి ప్రతీకారానికి మళ్లీ తన శరీరాన్నే ఎరగా వాడుతుంది. అక్కడ కెమెరా చూపు మారిందనిపించింది నాకు. మారలేదని నీకనిపిస్తే అదే రాయి, కానీ ఏ షాట్‌లో, ఎక్కడ నిలబడి చూస్తోందో చెప్పి రాయి. 'దారుణం', 'జుగుప్స' లాంటి మాటలు రాస్తే పాఠకులకు నీ మూడ్ తెలుస్తుంది తప్ప సినిమా తెలియదు.

అలాగే ఆ సీన్లను వివరంగా వర్ణించకు. ఎంతసేపు ఉంటాయో, ఎలా తీశారో రెండు వాక్యాల్లో చెప్తే చాలు. చదివేవాళ్లలో అలాంటిది అనుభవించినవాళ్లు ఉంటారు, వాళ్లకు ముందే తెలిసేలా మొదటి పేరాలోనే చెప్పు. 1974లో అత్యాచారానికి గురైన ఓ అమ్మాయికి తను సాయం చేశానని, ఈ సినిమాకు ప్రేరణ అదేనని జార్చి చెప్పుకున్నాడు. ఆ మాట రాయాలనుకుంటే రాయి, తీర్పుకి మాత్రం దాన్ని ఆధారం చేసుకోకు.

మొత్తం సినిమా మళ్లీ చూడనక్కర్లేదు. ప్రతీకారంలోని బాత్‌టబ్ సీన్, దానికి ముందు పది నిమిషాలు చూడు, పగటిపూట. స్టార్లు అడిగితే రివ్యూ అంతా పూర్తయ్యాకే వెయ్యి.

ప్రేమతో,
పెద్దమ్మ