న్యాయశాస్త్రం కోసం కంప్యూటర్ సైన్స్ మానేయాలా?

ప్రశ్న: కంప్యూటర్ సైన్స్ మూడో సంవత్సరం చదువుతున్నాను. ఇంటర్నెట్ నిలిపివేతలు, ఫోన్లపై నిఘా గురించి చదివాక మానవ హక్కుల రంగంలో పనిచేయాలనిపిస్తోంది. ఈ చదువు ఆపేసి న్యాయశాస్త్రంలో చేరవచ్చా?

జవాబు: ఆపవద్దు. హక్కుల సంఘాల్లో వాదించేవారికి కొదవ లేదు. ఫోనులో ఏం జరుగుతోందో విప్పి చూపగలిగేవారే తక్కువ.

2016లో యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్‌కు చెందిన హక్కుల కార్యకర్త అహ్మద్ మన్సూర్‌కు అనుమానాస్పద లింకులతో సందేశాలు వచ్చాయి. ఆయన వాటిని తెరవకుండా టొరంటో విశ్వవిద్యాలయంలోని సిటిజన్ ల్యాబ్‌కు పంపారు. ఆ లింకు వెనుక ఐఫోన్‌లోని మూడు లోపాల గుండా చొరబడే పెగాసస్ నిఘా సాఫ్ట్‌వేర్ ఉందని పరిశోధకులు తేల్చారు. ఆపిల్ ఆ లోపాలను సరిచేసింది. అయినా మరుసటి ఏడాదే మన్సూర్ అరెస్టయ్యారు, 2018లో పదేళ్ల జైలుశిక్ష పడింది. సాంకేతిక ఆధారం ఎంత దూరం తీసుకెళ్తుందో, ఎక్కడ ఆగిపోతుందో ఈ ఒక్క ఉదంతంలోనే కనిపిస్తుంది. ఆ తరువాతి పోరాటం కోర్టుల్లో, చట్టసభల్లో జరగాలి. అందుకే మీకు చట్టం తెలియాలి, కానీ పట్టా తొందరేమీ లేదు. 1948 నాటి విశ్వమానవ హక్కుల ప్రకటనలో 12, 19 అధికరణలతో మొదలుపెట్టండి: ఒకటి గోప్యతకు, రెండోది భావప్రకటనకు సంబంధించినది. తరువాత 2018లో అమల్లోకి వచ్చిన యూరప్ డేటా రక్షణ చట్టం, జీడీపీఆర్ చదవండి. రెండేళ్లు ఉద్యోగం చేశాక కూడా ఆసక్తి నిలిస్తే అప్పుడు న్యాయశాస్త్రం ఆలోచించవచ్చు.

నిఘా ఒక్కటే కాదు, అల్గారిదమ్‌ల తనిఖీ కూడా మీకు పనికొచ్చే దారి. ముఖం చూసి ఆడా మగా చెప్పే వాణిజ్య వ్యవస్థలను 2018లో జాయ్ బులమ్‌వినీ, టిమ్నిట్ గెబ్రూ పరీక్షించారు. నల్లని ఛాయ గల స్త్రీల విషయంలో పొరపాట్లు 34.7 శాతం దాకా ఉంటే, తెల్లని ఛాయ గల పురుషుల విషయంలో 0.8 శాతం మించలేదు. ఇద్దరూ కంప్యూటర్ శాస్త్రవేత్తలే.

జీతం గురించి మీరు అడగలేదు, ఇంట్లో తప్పక అడుగుతారు. స్వచ్ఛంద సంస్థలు చాలావరకు గ్రాంట్ల మీద నడుస్తాయి; గ్రాంటు ముగిస్తే ఉద్యోగమూ ముగియవచ్చు. కంపెనీల్లో డేటా రక్షణ అధికారి, ప్రైవసీ ఇంజనీర్ కొలువులు సాధారణంగా ఇంతకంటే స్థిరం. కొన్నేళ్లు అక్కడ పనిచేసి తరువాత ఇటు రావడంలో చిన్నతనమేమీ లేదు.

చివరి ఏడాది ప్రాజెక్టుగా ఒక యాప్ ఫోను నుంచి ఏ సమాచారాన్ని ఎవరికి పంపుతోందో గుర్తించి, సామాన్యులకు అర్థమయ్యేలా నాలుగు పేజీలు రాయండి. కోడ్ రాసేవారిలో చాలామంది తడబడేది ఈ రాతలోనే. పరీక్ష మాత్రం మీ ఫోను మీదే చేయండి, ముందుగా అధ్యాపకుల అనుమతి తీసుకోండి.