‘కాసాబ్లాంకా’ దర్శకుడు హాలీవుడ్‌కు రాకముందు తీసిన మూకీ ఏదైనా మిగిలి ఉందా?

ఉంది. ఆ దర్శకుడు మైఖేల్ కర్టిజ్; హంగేరీలో ఉన్నప్పుడు ఆయన పేరు కెర్తేస్ మిహాయ్. 1914లో కొలోజ్‌వార్‌లో (ఇప్పుడు రొమేనియాలోని క్లూజ్) ఆయన తీసిన ‘ఆ తొలొంత్స్’ చూడండి. పోలీసు కాపలాతో సొంత ఊరికి గెంటేసిన మనిషిని హంగేరియన్‌లో తొలొంత్స్ అంటారు. కథంతా ఆ మాటలోనే ఉంది. పల్లెటూరి పిల్ల పట్నంలో పనిమనిషిగా చేరుతుంది, ఇంటి అబ్బాయి మనసు పడతాడు, చెయ్యని దొంగతనం మీద పడుతుంది, ఊరికి తోలేస్తారు. అటు, చనిపోయిందనుకున్న కన్నతల్లి భర్తను చంపిన నేరానికి శిక్ష అనుభవించి జైలు నుంచి వస్తుంది.

నాటకం నుంచి తీసిన కథ, మెలోడ్రామా ఎక్కువే. కానీ తల్లిగా వేసిన యాసయి మారి ఆనాటి రంగస్థల మహానటి. మాటే ఆయుధమైన మనిషి, ఇక్కడ మాట లేకుండా ముఖంతోనే నెట్టుకొస్తుంది. నాకైతే కథకన్నా అదే ఎక్కువ నచ్చింది.

ఆ కాలపు హంగేరియన్ మూకీలు చాలావరకు పోయాయి. దీని ప్రింటు మాత్రం న్యూయార్క్‌లోని హంగేరియన్ హౌస్ నేలమాళిగలో దొరికింది. బాగుచేసిన కాపీలో సీన్లకు రంగులద్దకం కూడా ఉంది.