ఎనిమిది వందల ఫొటోల్లో ఐదుగురం కలిసి ఉన్నది ఒక్కటీ లేదు

మీరు రాసింది చదువుతుంటే నా పాత కడుపుమంట మళ్లీ రేగింది. పెళ్లయి నెలన్నర, ఫొటోలు చేతికొచ్చి వారం. అన్నీ వెతికినా తాతగారితో మీరు ఉన్నది ఒక్కటీ లేదు, అమ్మానాన్నలతో ఉన్న ఒకే ఒక్క దాంట్లో నాన్నగారు కళ్లు మూసుకున్నారు. ఇంట్లోవాళ్లేమో "ఫొటోలదేముందిలే, పెళ్లి బాగా జరిగింది కదా" అంటున్నారు. ఇంతలా బాధపడటం అతి అవుతుందా, ఇప్పుడు చేయగలిగిందేమైనా ఉందా అని అడిగారు.

అతి కాదండి. "ఫొటోలదేముందిలే" అనేవాళ్లు సాధారణంగా ఫొటోల్లో పడ్డవాళ్లే.

నా పెళ్లికి వచ్చినవి ఎనిమిది వందల పైచిలుకు. నా చెప్పుల జతకే ఏడు ఫొటోలు. ఎవరి పిల్లాడో ఇప్పటికీ తెలియదు, వాడు బెలూన్ పట్టుకుని నవ్వుతున్నవి పన్నెండు. అమ్మ, నాన్న, అన్నయ్య, నేను, చెల్లి, ఐదుగురం కలిసి ఉన్నది మాత్రం లేదు. నలుగురం ఉన్నవి నాలుగున్నాయి, నాలుగింట్లోనూ లేనిది అన్నయ్యే. ఎలా ఉంటాడు? వచ్చినవాళ్లకు కుర్చీలు చూపించడం, బండ్లు సర్దించడం, లెక్కలు చూడటం అన్నీ తనే. పెళ్లిని భుజాన మోసినవాళ్లు పెళ్లి ఫొటోల్లో దొరకరు. నన్ను ఎత్తుకుని పెంచిన పెద్దమ్మయితే ఒకే ఒక్క ఫొటోలో ఉంది, అదీ ఎవరి భుజం వెనకో సగం ముఖం.

ఆ రాత్రే ఫొటోగ్రాఫర్‌కి ఫోన్ చేసి కడిగేశాను. "మీరు చెప్పలేదు కదా మేడమ్" అన్నాడు. నాకింకా ఒళ్లు మండింది. ఏవో నాలుగు మాటలు అనుకున్నాక ఫోన్ పెట్టేశాం. ఆ తర్వాత రెండు వారాలు ఆ ఫోల్డర్ తెరవలేదు. ఆ రెండు వారాలూ వృథా అని ఇప్పుడు అనిపిస్తుంది. ఎందుకంటే నేను పోయిందని ఏడుస్తున్నది నిజంగా పోయిందో లేదో అప్పటికి చూడనేలేదు.

మీరు ముందు చేయాల్సింది అదే. పెళ్లిలో తీసేవి వేలల్లో ఉంటాయి, మనకిచ్చేవి వందల్లో. మిగతావి కళ్లు మూసుకున్నారనో, మసకగా వచ్చిందనో, ఎవరో అడ్డొచ్చారనో పక్కన పెట్టేస్తారు. అతనికి అది ఫోకస్ తప్పిన ఫొటో, మీకు తాతయ్య. ఆ తేడా అతనికి ఎవరో ఒకరు చెప్పాలి. మొత్తం రా ఫైళ్లు, అంటే కెమెరాలోంచి వచ్చిన అసలు ఫైళ్లు, ఇమ్మంటే చాలామంది ఒప్పుకోరు, ఆ గొడవ మీకొద్దు. మీ దగ్గరున్న ఫొటోల వివరాల్లో తీసిన టైమ్ ఉంటుంది. తాతగారు మీ దగ్గరకు వచ్చింది ఎప్పుడో గుర్తు చేసుకుని, "ఈ అరగంటలో తీసినవన్నీ, బాగా రానివి కూడా, చిన్న సైజులో ఒకసారి చూపించండి" అని అడగండి. ఇద్దరు తీసి ఉంటే రెండు కెమెరాల గడియారాలు ఐదు పది నిమిషాలు అటూ ఇటూ ఉండొచ్చు, కాబట్టి కాస్త ఎక్కువ టైమే చెప్పండి. ఫైల్ పేర్లు మార్చకుండా ఇచ్చి ఉంటే నంబర్లు కూడా చూడండి. 412 తర్వాత 431 ఉందంటే ఆ మధ్యలో ఏదో తీశారన్నమాట.

ఇది ఈ వారమే అడగండి. స్థలం కోసం ఎంచని ఫొటోలను కొన్నాళ్లకు చెరిపేసేవాళ్లు ఉంటారు. పొరపాటున చెరిపేశామన్నా వెంటనే ఆశ వదులుకోవద్దు. ఆ మెమరీ కార్డు మీద కొత్త ఫొటోలు తీయనంతవరకు ఫొటోరెక్ లాంటి ఉచిత సాఫ్ట్‌వేర్‌తో వెనక్కి వచ్చే అవకాశం ఉంటుంది. నెలన్నరలో ఆ కార్డు వాడకుండా ఉంచారా అనేది వేరే సంగతి, అడగడంలో పోయేదేం లేదు.

నాన్నగారి కళ్ల సంగతి వీటన్నిటికన్నా తేలిక. గ్రూప్ ఫొటో ఒక్క క్లిక్‌తో ఆపరు, వరసగా మూడు నాలుగు తీస్తారు. పక్క ఫొటోలో ఆయన కళ్లు తెరిచి ఉంటే ఆ ముఖం తెచ్చి ఇందులో కలపడం ఎడిటింగ్ తెలిసినవాళ్లకు చిన్న పని. క్షణం తేడాలో అదే చోట, అదే వెలుతురులో తీసింది కాబట్టి అందులో అబద్ధం ఏమీ లేదనే నా లెక్క.

నేను రెండోసారి ఫోన్ చేయకుండా మెసేజ్ పెట్టాను. కోపం లేకుండా, కావాల్సిన టైమ్ రాసి. మర్నాడే నూట అరవై చిన్న ఫొటోలు పంపాడు. ఒక్కొక్కటే పెద్దది చేసి చూశాను. ఐదుగురం ఉన్నది అందులోనూ లేదు.

దొరికింది వీడియోలో. అన్నయ్య ఏదో అడగడానికి పరిగెత్తుకుంటూ వచ్చి నాన్న చెవిలో చెబుతున్నాడు, ఆ పక్కనే అమ్మ, చెల్లి, నేను. అందరం కలిపి ఆరు సెకన్లు. ఒక్కరూ కెమెరా వైపు చూడటం లేదు, నేనైతే అటు తిరిగి నవ్వుతున్నాను. వీడియో 4కేలో తీశారు కాబట్టి అందులోంచి తీసిన ఒక్కో ఫ్రేమ్ 3840 బై 2160 పిక్సెల్స్ ఉంటుంది, అంటే దాదాపు 80 లక్షలు. ఆల్బమ్ పేజీకి అది చాలు. మామూలు హెచ్‌డీ అయితే 20 లక్షలే, పోస్ట్‌కార్డు సైజు దాటితే మసకబారుతుంది. కదులుతున్న చేతులు ఎలాగూ కాస్త చెదిరినట్టే వస్తాయి. మీకు ఇచ్చిన పాటలు కలిపిన వీడియో కాదు, కోయకముందు తీసిన మొత్తం వీడియో అడిగి చూడండి.

చుట్టాల ఫోన్లు కూడా వదలొద్దు. "పెళ్లి ఫొటోలు పంపండి" అని గ్రూప్‌లో పెడితే అందరూ మీరు నిలబడి ఉన్న ఫొటోలే పంపుతారు. "తాతయ్య ఎక్కడున్నా సరే, వెనకాల మూలన ఉన్నా సరే" అని అడగండి. వాట్సాప్‌లో ఫొటోగా పంపితే నాణ్యత తగ్గిపోతుంది, డాక్యుమెంట్‌గా పంపమనండి. పెద్దవాళ్లను పంపమని అడిగితే రేపు రేపు అంటారు. పక్కన కూర్చుని మీరే వాళ్ల ఫోన్ చూడటం నయం.

ఇక అతికించడం. మా ఫొటోగ్రాఫర్ నొచ్చుకుని, నలుగురం ఉన్న ఫొటోలో అన్నయ్యను ఇంకో చోటినుంచి తెచ్చి చేర్చి పంపాడు. చూసినవాళ్లెవరూ పోల్చుకోలేదు. అమ్మ మాత్రం కాసేపు చూసి "వీడక్కడ నిలబడలేదే" అంది. అంతే, ఆ ఫొటో పక్కకు పోయింది. ఇప్పుడు ఏఐతో అది ఇంకా తేలిక. కొంతమందికి అది ఊరటే, కాదనను. కానీ మీ తాతగారిని అలా చేర్పించేముందు, ఆ ఫొటో చూసిన ప్రతిసారీ ఏం గుర్తొస్తుందో ఒకసారి ఆలోచించండి.

డబ్బు విషయం త్వరగా చెప్పేస్తాను. రాసుకున్న ఒప్పందంలో కుటుంబం గ్రూప్ ఫొటోలు ఉన్నాయని ఉంటే కొంత వెనక్కి అడగడం న్యాయమే. మా ఒప్పందంలో ఆ ముక్కే లేదు. అతను ఉచితంగా ఫ్యామిలీ షూట్ చేస్తానన్నాడు, పంతానికి పోయి వద్దన్నాను. మీరు ఆ పని చేయకండి. కోపంలో రివ్యూ రాయడం కూడా ఆపండి. ఫైళ్లు ఇంకా అతని దగ్గరే ఉన్నాయి.

"మీరు చెప్పలేదు కదా" అన్న మాట నన్ను చాలాకాలం గుచ్చింది, నిజం కాబట్టి. ఎవరు పెద్దమ్మో, ఎవరు పక్కింటావిడో అతనికెలా తెలుస్తుంది? మీ తమ్ముడి పెళ్లి ఉందన్నారు కాబట్టి చెబుతున్నా. జాబితా రాసి ఫొటోగ్రాఫర్‌కి ఇస్తే సరిపోదు. పేరు పెట్టి పిలిచి లాక్కొచ్చే గొంతున్న మనిషిని ఒకరిని ఇంట్లోంచి పెట్టుకోండి. మా చెల్లి పెళ్లిలో ఆ పని నాదే. ఒక్కో గ్రూప్‌కి రెండు మూడు నిమిషాలు పట్టింది. ఎన్నిసార్లు క్లిక్ చేయాలనే దానికి ఆస్ట్రేలియా ప్రభుత్వ పరిశోధన సంస్థ సీఎస్ఐఆర్ఓకు చెందిన ఇద్దరు లెక్క కట్టారు, దానికి 2006లో నవ్వించి ఆలోచింపజేసే ఇగ్ నోబెల్ బహుమతి కూడా వచ్చింది. ఇరవై మందిలోపు గుంపయితే మంచి వెలుతురులో మనుషుల సంఖ్యను మూడుతో, తక్కువ వెలుతురులో రెండుతో భాగించాలట. పన్నెండు మందికి నాలుగో ఆరో తీస్తే ఒక దాంట్లోనైనా అందరి కళ్లూ తెరిచి ఉంటాయని. నేను ఎనిమిది తీయించాను.

పెద్దమ్మది ఎక్కడా దొరకలేదు. ఫోన్లలో లేదు, వీడియోలో వీపు మాత్రమే ఉంది. చివరికి ఒక ఆదివారం మా ఆయన్ని తీసుకుని పెద్దమ్మ ఇంటికే వెళ్లాను. పెళ్లి చీర సంచిలో పట్టుకెళ్లాను, కట్టుకుని తన పక్కన నిలబడదామని. చూసి నవ్వింది. "ఆ రోజు అయిపోయిందిగా, ఇవాళ ఇవాళే. ఉన్నట్టే తియ్యి" అంది. చీర సంచిలోనే ఉండిపోయింది. కిటికీ పక్కన కూర్చోబెట్టి మా ఆయన ఫోన్‌తోనే తీశాడు. పెద్దమ్మ జుట్టు దువ్వుకోలేదు, నాది నలిగిన చుడీదార్. ఆల్బమ్‌లో చివరి పేజీలో అంటించి కింద తేదీ వేశాను, పెళ్లి తేదీ కాదు, ఆ ఆదివారం తేదీ.

మీ తాతగారు ఉన్నారన్నారు కదా. వీలైతే ఫొటోగ్రాఫర్ జవాబు కోసం చూడకుండా ముందు అక్కడికి వెళ్లిరండి.