ఎస్కాంబ్ ఫైలు తెరిచే ముందు

అమ్మడూ,

నువ్వు ఒకప్పటి బ్రిటిష్ వలస రాజ్యం నాటాల్‌కి ప్రధానిగా చేసిన హ్యారీ ఎస్కాంబ్ జీవితం రాయడానికి ఆరు నెలలు దక్షిణాఫ్రికా వెళ్తున్నావని మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. ఫోన్ పెట్టేసి ఆ మాట మీ పెద్దమ్మకి రెండుసార్లు చెప్పాను. "మొదటిసారే వినపడింది" అంది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. సంతోషం ఒక పాలు, టెన్షన్ మూడు పాళ్లు.

చిన్న విషయాలు ముందు చెప్పేస్తాను. పీటర్‌మారిట్జ్‌బర్గ్‌లో జూన్, జూలై నెలలు చలికాలం, స్వెటర్ పెట్టుకో. పాస్‌పోర్టు కాపీ మీ నాన్న దగ్గర ఒకటి ఉంచు. ప్రతి ఫోటోకీ ఫైలు నెంబరు అప్పటికప్పుడే రాసుకో. సాయంత్రం రాద్దాంలే అనుకుంటే ఆ సాయంత్రం రాదు.

ఇక మనవాడు. "1838లో లండన్‌లో జన్మించెను" అని మొదలుపెట్టావో, నేను రెండో పేజీ తిప్పను. పడవ దిగి, నాలుగు పనులు చేసి, లాయరై, రేవు బోర్డు నడిపి, చివరికి ప్రధాని అయిన తెల్లవాళ్లు ఆ రోజుల్లో ఏ వలస రాజ్యంలో చూసినా కనిపిస్తారు. ఎస్కాంబ్‌ని నువ్వు పట్టుకోవలసింది ఓటర్ల జాబితా దగ్గర. ఒక ఎన్నికలో రేవు ఇంజనీరు అతనికి పోటీగా నిలబడ్డాడు. ఓడిపోతానేమోనని ఎస్కాంబ్‌కి భయం వేసింది. అప్పటికి తను డర్బన్‌లోని భారతీయ వ్యాపారి దాదా అబ్దుల్లా కంపెనీకి లాయరు. ఆ వ్యాపారుల దగ్గరికి వెళ్లి, మీకు ఓటు హక్కు ఉందయ్యా అని చెప్పి, పేర్లు రాయించి, వాళ్ల ఓట్లు వేయించుకున్నాడు. గాంధీ తన ఆత్మకథలో అబ్దుల్లా సేఠ్ నోట ఈ సంగతి చెప్పించారు. తర్వాత 1894లో భారతీయుల ఓటు తీసేయడానికి బిల్లు పెట్టిన ప్రభుత్వంలో అటార్నీ జనరల్ ఎవరనుకున్నావు? ఈయనే.

ఏరు దాటేదాకా ఓడ మల్లన్న, ఏరు దాటాక బోడి మల్లన్న. ఎస్కాంబ్ మీద నేను రాసిన వ్యాసంలో ఈ సామెత రాసి, కింద గీత గీసి, పని అయిపోయిందనుకున్నాను. నువ్వు అలా తేల్చేయకు. అదే ఏడాది గాంధీని కోర్టులో వకీలుగా చేర్చుకోకూడదని అక్కడి లాయర్ల సంఘం అడ్డుపడితే, ఆయన దరఖాస్తును కోర్టు ముందు పెట్టింది కూడా ఎస్కాంబే. 1897 జనవరి 13న, గాంధీతో పాటు ఓడల్లో వచ్చిన భారతీయులను దిగనివ్వమని డర్బన్ రేవులో గుమిగూడిన జనానికి నచ్చజెప్పి ఇళ్లకు పంపిందీ ఆయనే. అయినా ఆ సాయంత్రం దారిలో గాంధీని కొట్టారు. పోలీసు సూపరింటెండెంటు భార్య గొడుగు అడ్డం పెట్టి కాపాడింది. కొట్టినవాళ్ల మీద కేసు పెడదామని ఎస్కాంబ్ పిలిపిస్తే గాంధీ వద్దన్నారు. మరుసటి నెల ఎస్కాంబ్ ప్రధాని అయ్యాడు. ఆ ఏడాదే కొత్తగా వచ్చేవాళ్లను ఆపే చట్టం, వ్యాపారుల లైసెన్సుల చట్టం వచ్చాయి. అక్టోబరుకల్లా పదవి పోయింది. 1899 డిసెంబరులో మనిషే పోయాడు. ఇదంతా ఒక్క మనిషే చేశాడు. ఏ ముక్కా దాచకు.

నా భయం వేరే ఉంది. పెద్దమనిషి కాగితాల్లో నెలల తరబడి కూర్చుంటే ఆయన కళ్లు మనకొచ్చేస్తాయి. ఆయనకు కనపడనివాళ్లు మనకీ కనపడరు. నాకు జరిగింది కనుక చెబుతున్నాను. ఇది మీ నాన్నకి కూడా తెలియదు.

1996లో నేను పదిహేను రోజులు డర్బన్‌లో ఉన్నాను. రికార్డుల గదిలో నా పక్క కుర్చీలో ఒక పెద్దావిడ కూర్చునేది. మనవాళ్లే. కుట్టుపని చేసుకుని బతికేదట. నేను తెలుగువాణ్ణని తెలిసి ముఖం విప్పారింది కానీ ఆవిడకి వచ్చిన తెలుగు "బాగున్నారా", "అన్నం తిన్నారా", రెండు భజనలు, అంతే. తాత మద్రాసులో ఓడ ఎక్కాడు. ఆయన గిర్‌మిట్ నెంబరు, అంటే కూలీ ఒప్పందం నెంబరు, కాగితం మీద రాసి తెచ్చింది. రిజిస్టరులో ఊరి పేరు ఉంటుంది కానీ ఇంగ్లీషు గుమాస్తా చెవికి తోచినట్టు రాసుకున్న పేరు. "మీరైతే అసలు పేరు ఏదో పోల్చుకుంటారు, ఒక్కసారి చూసి పెట్టండి" అంది.

ఆ నిమిషంలో నా చేతిలో 3 పౌన్ల పన్ను ఫైలు ఉంది. గిర్‌మిట్ అయిదేళ్లు అయ్యాక ఇండియాకి తిరిగి వెళ్లకుండా, మళ్లీ కూలీగా సంతకం పెట్టకుండా అక్కడే ఉండిపోయే మనిషికి తలకి ఏటా 3 పౌన్లు కట్టాలన్న 1895 చట్టం. నెలకి పది షిల్లింగులతో మొదలయ్యే కూలీకి అది ఆరు నెలల జీతం. నాటాల్ ముందు అడిగింది 25 పౌన్లు, వైస్రాయి ఎల్గిన్ 3కి ఒప్పుకున్నాడు. ఆ అన్యాయం గురించి కోపంతో ఊగిపోతూ నోట్సు రాసుకుంటున్నాను. ఆవిడకి "రేపు చూద్దామండీ" అన్నాను. మర్నాడూ అదే మాట. ఆరు రోజులు అలాగే అన్నాను అమ్మడూ. ఆ కూలీ మనవరాలు నా మోచేతికి జానెడు దూరంలో కూర్చుని ఉంది.

ఏడో రోజు ఆవిడ రాలేదు. నేనైనా ఆ రిజిస్టరు తెప్పించి చూడొచ్చుగా? చూడలేదు. ఎస్కాంబ్ ఉపన్యాసాలు ఇంకా రెండు కట్టలు మిగిలాయి మరి. నాలుగేళ్ల తర్వాత వాళ్లమ్మాయి ఉత్తరం రాసింది. అమ్మ పోయింది, మీకు ఊరి పేరు ఏమైనా తెలిసిందా అని. సిగ్గేసి జవాబు రాయలేదు. అది ఇంకా పెద్ద తప్పు. నలభై పేజీల వ్యాసం అచ్చయింది. దాన్ని చదివినవాళ్లలో మీ పెద్దమ్మని తీసేస్తే మిగిలేది ప్రూఫులు దిద్దినాయన.

నువ్వు నాకంటే మంచిదానివి, నాకు తెలుసు. చిన్నప్పుడు చీమలు తొక్కుతానేమోనని వాకిట్లో మునివేళ్ల మీద నడిచేదానివి. కానీ పని మీద పడితే నువ్వూ అన్నం మర్చిపోయే రకమే. వేళకి తిను. రాత్రిపూట ఒంటరిగా నడవకు. ఆదివారం ఆదివారం ఫోన్ చెయ్యి, మీ నాన్నకి చేశాక నాకు కూడా.

ఆవిడ ఇచ్చిన కాగితం, వాళ్లమ్మాయి ఉత్తరం ఈ కవరులోనే పెడుతున్నాను. ఎస్కాంబ్ ఫైలు అడగకముందు ఆ రిజిస్టరు అడుగు. ఊరి పేరు గుమాస్తా ఎలా రాస్తే అలా, ఒక్క అక్షరం దిద్దకుండా నాకు పంపు. పోల్చుకోవడానికి శ్రీకాకుళం నుంచి చిత్తూరు దాకా ఊళ్ల పేర్లు ముందు వేసుకుని కూర్చుంటాను. కాగితం మడత దగ్గర నలిగింది. నెంబరులో చివరి అంకె 1 లాగే ఉంది కానీ 7 కూడా కావచ్చు, రెండూ చూడు.

మీ పెదనాన్న